తల్లి నుడికి బడిలో తావు

కాగజ్‌నగరమునకు ఆ నామము కాగితమువలన గలిగినది. ఉర్దూ భాషలో కాగజ్ అనగా కాగితము. 1938వ సంవత్సరమున సిర్పూరు కాగితపు మిల్లు స్థాపింపబడిన పిమ్మట ఈ యూరు పెరిగి పట్టణమైనది. అడవులలోని వెదురు ఇచటికి వచ్చి, గుజ్జుగా మారి, తెల్లని కాగితమై దేశము నలుమూలలకును పోవుచుండెను. 2014లో మూతపడిన యీ మిల్లు 2018లో మఱల తెఱవబడినది. మా యింట పిల్లల వ్రాతపుస్తకములు సర్దునపుడెల్ల నాకొక సందేహము కలుగుచుండును. ఆ యడవులలో తరతరములుగా నివసించుచున్న గోండుల బిడ్డలకు, వారి తల్లులు పలుకు భాషలో అచ్చయిన పుస్తకములు ఈ కాగితమున నెన్ని దక్కినవి? ఇట్టి సందేహము నాకు కలుగుటకు ఒక చిన్న బాలిక కారణము. ఆ కథ మొదట చెప్పి, పిదప విషయమునకు వచ్చెదను.

కొన్ని యేండ్ల క్రిందట నా భర్త ఒక యడవిపల్లెలోని బడిలో పని చేయుచుండిరి. మేము ఆ యూరనే కాపురముంటిమి. బడి విడిచిన పిమ్మట నలుగురైదుగురు చిన్నపిల్లలు మా యరుగుమీదికి వచ్చెడివారు. నేను వారిచే పలకలపై నక్షరములు దిద్దించుచుంటిని. వారిలో ఆఱేండ్ల గోండుపిల్ల యొకతె యుండెను. కన్నులు మిక్కిలి చుఱుకైనవి. కాని నోట మాట లేదు. ఒకనాడు నేను నీటిచెంబు నెత్తి చూపి, "ఇందులో నేమున్నది?" అని యడిగితిని. ఆ పిల్ల ముఖము వికసించెను. "ఏర్" అని చెప్పెను. "ఏరు కాదమ్మా, నీరు. ఏరు ఊరిబయట నున్నది" అని నేను దిద్దితిని. తక్కిన పిల్లలు నవ్విరి. ఆమె తల వంచుకొనెను. మఱునాడు రాలేదు. ఆ మఱునాడును రాలేదు.

నాలుగు దినములు గడచిన పిదప ఆమె తల్లి కట్టెలమోపు దింపి మా గడపయొద్ద నిలిచెను. "అమ్మా, మా పోరి ఇంట్ల నోరు మూయదు. కోడికి, మేకకు, చెట్టుకు అన్నిటికి కథలు చెప్తది. మీ దగ్గర మూగదెందు కయింది?" అని యడిగెను. ఆమె ప్రశ్నలో కోపము లేదు. నిజముగా తెలిసికొనగోరియే యడిగినది. నేను ఉత్తరము చెప్పలేక, "మీ మాటలో నీళ్లనేమందురు?" అని యడిగితిని. "ఏర్" అని యామె చెప్పెను. నాకు సిగ్గు కలిగెను. బిడ్డ తప్పు చెప్పలేదు. నేనడిగిన దానికి సరియైన యుత్తరమే చెప్పినది. తప్పు దిద్దినదానిదే.

బాల్యమున మా తండ్రిగారు నన్ను దగ్గర కూర్చుండబెట్టుకొని భారత భాగవతములు చదివించిరి. ఏఱు అను మాటను పద్యములలో నెన్ని మార్లు చదివితినో లెక్క లేదు. మనకు ప్రవాహమును తెలుపు మాట వారికి నీటిని తెలుపుచున్నది, మాటకు మూలమొక్కటియే. వారు ఊరిని "నార్" అందురు. అది మన నాడు అను మాటకు తోబుట్టువు. వారి యెంచుబడి వినుడు: ఉండి, రండ్, మూండ్, నాలుంగ్. ఒకటి విడిచినచో తక్కినవి మన యింటివే యని తోచును. భాషావేత్తలు తెలుగును గోండిని ద్రావిడభాషలలో ఒకే శాఖకు చేర్చియున్నారు. అనగా ఆ బాలిక నోటినుండి వచ్చినది మన యక్కచెల్లెండ్ర భాషయే. దానిని పోల్చుకొనజాలనిది నా చదువు.

ఇది చదువు సోదరి, "బిడ్డ నాలుగు నాళ్లలో తెలుగు నేర్చుకొనదా? ఇంత విచారమేల?" అని యనవచ్చును. ఈ మాటయే ఒకప్పుడు మనతో ననబడినదని జ్ఞాపకము చేయుచున్నాను. నిజాము రాష్ట్రమున ప్రజలలో పెక్కుమంది భాష తెలుగు. అయినను కచేరీలకును పైచదువులకును ఉర్దూయే భాషగా నుండెను. 1918లో నేర్పడిన ఉస్మానియా విశ్వవిద్యాలయము ఆంగ్లమునకు బదులు దేశభాషలో సకలశాస్త్రములు బోధించిన గొప్ప ప్రయత్నమే. కాని యా దేశభాష ఉర్దూ గాని, తెలుగు గాదు. 1921లో హైదరాబాదున, స్త్రీవిద్యకై జీవితము ధారపోసిన కర్వే పండితుని యధ్యక్షతను జరిగిన సంఘసంస్కార సభలో, ఆలంపల్లి వేంకటరామారావుగారు తెలుగున నుపన్యసింప లేవగా సభలోని యితరభాషల వారు గేలిచేసి కూర్చుండబెట్టిరి. ఆ యవమానమునుండియే ఆంధ్రజనసంఘము పుట్టినది. 1930లో జోగిపేటలో ప్రథమాంధ్రమహాసభ జరిగినపుడు, నడింపల్లి సుందరమ్మగారి యాధ్వర్యమున మహిళాసభయు జరిగినది. తెలంగాణమున కవులు లేరన్న యాక్షేపణమునకు సమాధానముగా సురవరము ప్రతాపరెడ్డిగారు 1934లో 354 మంది కవుల రచనలతో గోలకొండ కవుల సంచికను వెలువరించిరి.

తల్లిభాషలో చదువు లేకుండుట యెంత కొఱతయో మన తాతలకు తెలిసినట్లు మఱెవ్వరికి తెలియును? అట్టి మనమే నేడు గోండుబిడ్డ యెదుట ఆ నాటి కచేరీవారివలె కూర్చున్నాము. కావలెనని గాదు, ఎఱుగక కూర్చున్నాము. ఈ సంగతి గుర్తింపవలెననియే నా ప్రార్థన.

ఇప్పుడు మన జిల్లాలోనే, జైనూరు మండలమున నున్న మార్లవాయి యను చిన్న గ్రామమునకు మిమ్ము కొనిపోవుదును. 1940లో జోడేఘాటు కొండలలో కొమరం భీము నిజాము సైనికుల తుపాకులకు బలియైన పిమ్మట, గోండుల యసంతృప్తికి కారణములేమో తెలిసికొన ప్రభుత్వమునకు అవసరము కలిగెను. ఆస్ట్రియా దేశీయుడైన మానవశాస్త్రజ్ఞుడు హైమెన్‌డార్ఫ్ పండితుడును, ఆయన భార్య బెట్టీ ఎలిజబెత్తును మార్లవాయిలో పూరియింట కాపురముండి గోండుల భాషను, ఆచారములను, కష్టములను తెలిసికొనిరి. భూములు చేజారుట, అటవీశాఖ నిర్బంధములు, అప్పులు: ఈ యన్నిటి వెనుక మఱియొక కొఱత వారికి కనబడెను. పట్టాకాగితమున నేమి వ్రాసియున్నదో చదువగలవాడు ఊరిలో నొక్కడైన లేకుండెను. చదువరాని వానికి న్యాయము పుస్తకముననే యుండిపోవును.

అందువలన 1943లో మార్లవాయిలో గోండు విద్యాపథకము ప్రారంభమయ్యెను. మొదటి చిక్కు ఉపాధ్యాయులు. గోండులలో చదువుకొన్నవారే లేనపుడు గోండి భాషలో చెప్పువారెవరు? కొంచెము మరాటీ యక్షరజ్ఞానముగల గోండు యువకులను వెదకి తెచ్చి, వారికి శిక్షణ మిచ్చి, వారినే ఉపాధ్యాయులుగా నంపిరి. ఆ ప్రాంతపు గోండులకు మరాటీ పరిచయముండుటచే దేవనాగరి లిపిలో గోండి వాచకములు వ్రాయించిరి. బిడ్డ మొదట తన మాటలనే యక్షరములలో చూచును. చదువుట యన నేమో తెలిసిన పిదప ఇతరభాషకు పోవును. ఇదియే యా పథకపు సారము. ఆ కేంద్రమున శిక్షణ పొందినవారిలో కొందఱు ఉపాధ్యాయులైరి, కొందఱు గ్రామోద్యోగులైరి. పట్టాకాగితము చదువగలవాడు ఊరిలోనే దొరకెను.

కాని యా యేర్పాటు చిరకాలము నిలువలేదు. 1948లో సంస్థానము భారతదేశమున చేరినది. 1956లో భాషలనుబట్టి రాష్ట్రములు విభజింపబడినపుడు, ఆదిలాబాదు జిల్లాలోని రాజురా, కిన్వటు ప్రాంతములు బొంబాయి రాష్ట్రమునకు పోయెను, తక్కినది ఆంధ్రప్రదేశమైనది. మనకు తెలుగు రాష్ట్రము వచ్చినదని సంతసించితిమి. అది న్యాయమైన సంతోషమే. కాని గోండుల కేమి వచ్చినది? 2011 జనాభా లెక్కలలో గోండి మాతృభాషగా చెప్పుకొన్నవారు 29 లక్షలకు పైబడియున్నారు. మధ్యప్రదేశము, మహారాష్ట్రము, ఛత్తీస్‌గఢము, తెలంగాణము మొదలగు రాష్ట్రములలో వారు చెదరియున్నారు. ప్రతిచోటను అల్పసంఖ్యాకులే; ఏ రాష్ట్రమునందును వారి భాష రాజభాష కాదు. ఒకచోట మరాటీబడి, ఒకచోట హిందీబడి, మనచోట తెలుగుబడి. ఒకే యింటి అక్కచెల్లెండ్రు గట్టు కిరువైపుల అత్తవారిండ్లకు పోయినచో, వారి బిడ్డలు ఒకరి యుత్తరము నొకరు చదువుకొనజాలరు.

వింత యేమనగా, ఆ 1956వ సంవత్సరముననే మన రాజ్యాంగమున 350-ఏ యను నధికరణము చేరినది. అల్పసంఖ్యాక భాషల పిల్లలకు ప్రాథమికదశలో మాతృభాషలో బోధనకు రాష్ట్రములు తగిన సౌకర్యములు కల్పింప యత్నింపవలెనని దాని భావము. 2009 విద్యాహక్కు చట్టము, సాధ్యమైనంతవరకు బోధన బిడ్డ మాతృభాషలో నుండవలెనని చెప్పినది. 2020 జాతీయ విద్యావిధానము అయిదవ తరగతివఱకు, వీలైనచో ఎనిమిదవ తరగతివఱకు, ఇంటిభాషలో చెప్పుట మేలన్నది. కావున చట్టమునందు లోపము లేదు. చట్టమునుండి పలకవఱకు వచ్చు దారియందే లోపమున్నది.

ఆ దారి వేయుటకు ఒక మంచి యత్నము జరుగకపోలేదు. ఇప్పటికి రెండు దశాబ్దుల క్రిందట ఉమ్మడి ఆంధ్రప్రదేశమున 240 బడులలో, గోండి, కోలామి, కోయ, సవర, కువి, కొండ, బంజారా, ఆదివాసీ ఒరియా యను నెనిమిది భాషలలో మొదటి తరగతి చదువు ప్రారంభించిరి. పుస్తకములు తెలుగులిపిలోనే వ్రాసిరి. మొదట తల్లిభాష, దానివెంట తెలుగు మాటలాడుట, పిదప తెలుగు చదువుట, వ్రాయుట. మెట్టుపై మెట్టుగా బిడ్డ ఒక భాషనుండి మఱియొక దానికి నడచిపోవును, తల్లిభాషను విడువనక్కఱలేదు. ఇట్టి రెండుభాషల బడిని మనము వంతెన యనవచ్చును. వంతెనకు రెండు తీరములు నుండవలెనుగదా! ఇంతకాలము మనము ఆవలి తీరమును మాత్రమే కట్టి, ఈవలినుండి బిడ్డను దుముకుమనుచున్నాము.

ఇట్టి వంతెన ప్రాథమికదశలోనే యాగిపోవలెనా, ఉన్నతపాఠశాల వఱకు సాగవచ్చునా యను ప్రశ్నకు సీమదేశమునం దొక యుత్తరమున్నది. ఇంగ్లండునకు పడమట వేల్సు అను కొండదేశము కలదు. అచటి పల్లెల భాష వెల్షు. 1847లో ఆ భాష తెలియని ముగ్గురు ఆంగ్లేయాధికారులు బడులను పరీక్షించి, ఆ జనుల వెనుకబాటునకు వారి భాషయే కారణమని వ్రాసిరి. బడిలో వెల్షు మాటలాడిన పిల్లవాని మెడలో ఒక కఱ్ఱబిళ్ల వ్రేలాడదీయు నాచారము పెక్కుచోట్ల నుండెను. వాడు మఱియొకడు ఆ భాష పలుకగా విని ఆ బిళ్లను వాని మెడకు మార్చును. సాయంకాలమునకు ఎవ్వని మెడనున్న వానికి దెబ్బలు. బిడ్డలచేతనే బిడ్డల భాషను పట్టించు నీ క్రూరత్వమును వినునపుడు నా యరుగుమీది పిల్లల నవ్వు జ్ఞాపకము వచ్చి నా మనస్సు కలుక్కుమనును.

కాని వేల్సులోని తల్లిదండ్రులు ఊరకుండలేదు. 1939లో అబెరిస్ట్‌విత్ పట్టణమున ఏడుగురు పిల్లలతో వెల్షు భాషలో బోధించు ప్రాథమికపాఠశాల యొకటి తెఱచిరి. 1956లో, అనగా మన రాష్ట్రమేర్పడిన యేటనే, గ్లాన్ క్లూయిడ్ అను పేర వెల్షు మాధ్యమపు మొదటి ఉన్నతపాఠశాల వెలసినది. నేడు పల్లెసీమలలో ఇట్టి ద్విభాషా పాఠశాలలు పెక్కులున్నవి. గణితము, చరిత్రము మొదలగునవి వెల్షులో నేర్చిన పిల్లలు ఆంగ్లమునను చక్కగా చదివి విశ్వవిద్యాలయములకు పోవుచున్నారు. 2021 లెక్కలలో వేల్సులో వెల్షు వచ్చినవారు అయిదు లక్షల ముప్పది యెనిమిది వేలమంది. మన గోండి పలుకువారిలో అయిదవవంతైన లేరు. కావున భాష చిన్నదగుటచేత బడి సాగదనుట నిజము కాదు. వారికి రాజ్యాధికారమును ధనమును ఉండుటచే అది సులభమైనదనుట నిజము. ఆ తారతమ్యము నొప్పుకొనియే మాటలాడవలెను.

మన పిల్లకు ఆశ్రమపాఠశాలలో జరుగునదేమి? అయిదవ తరగతి దాటినచో పెక్కుమంది గోండుబిడ్డలు ఇల్లు విడిచి వసతిగృహములకు పోవుదురు. భోజనము, బట్ట, చదువు అన్నియు నచట దొరకును. అది చిన్న సహాయము గాదు. కాని పొద్దు పొడుపునుండి రాత్రివఱకు తల్లిభాషకు అచట పనిలేదు. సెలవులకు ఇంటికి వచ్చిన పిల్ల అవ్వ చెప్పు కథలో సగము మాటల కర్థమడుగును. మార్లవాయి వాస్తవ్యులైన గుస్సాడి నాట్యగురువు కనకరాజుగారికి 2021లో పద్మశ్రీ వచ్చినది. 2024లో ఆయన గతించిరి. నాట్యమునకు బహుమానమిచ్చిన మనము ఆ నాట్యపు పాటల భాషకు బడిలో ఒక గంట యీయలేమా?

ఇక ఆక్షేపణములు. మొదటిది: "ఆ తల్లులే మా బిడ్డలకు తెలుగు, ఇంగ్లీషు చెప్పుడనుచున్నారుగదా!" నిజమే, వారడుగునది న్యాయమే. సంత, ఆసుపత్రి, ఉద్యోగము అన్నియు ఆ భాషలలోనే యున్నవి. కాని తల్లిభాషలో మొదలిడుట తెలుగును మానుటకు గాదు, తెలుగును బాగుగా నేర్చుటకే. అక్షరమునకును ధ్వనికిని గల సంబంధమును బిడ్డ ఒక్కసారియే నేర్చును. తెలిసిన మాటలలో దానిని పట్టుకొన్నచో ఏ భాషకైన మోసికొని పోగలదు. తెలియని మాటలలో పట్టుకొనుమనినచో చిలుకవలె వల్లించును; పుస్తకము మూసినచో మిగులునది లేదు. అర్థము తెలియకుండ శతకములు వల్లించి, పిదప పెద్దయైనకొలది ఆ పద్యముల రుచి తెలిసికొన్న మనకు ఈ సంగతి క్రొత్త గాదు. మనకు ఆ భాష ఇంట వినబడుచుండెను గనుక అర్థము తానే వచ్చినది. ఆ బిడ్డకు ఇంట వినబడునది వేఱు.

రెండవది: "ఒకే తరగతిలో పలుభాషల పిల్లలున్నచో నేమి చేయుదురు?" కాగజ్‌నగరమునందే తెలుగు, ఉర్దూ, మరాటీ, గోండి వినబడును, తూర్పుబంగాళమునుండి వచ్చి చుట్టుపల్లెలలో స్థిరపడినవారి బంగాళీయు వినబడును. ఇట్టి పట్టణపు తరగతిలో ప్రతిభాషకు పుస్తకము సాధ్యము కాకపోవచ్చును. కాని ప్రతిభాషకు గౌరవము సాధ్యమే. పూర్తిగా గోండులే యున్న గూడెములలో, కోలాములే యున్న గూడెములలో పుస్తకమును సాధ్యమే, ఉపాధ్యాయుడును సాధ్యమే. ఇప్పుడు ఆ జాతులలో చదువుకొన్న యువతీయువకులున్నారు. 1943లో లేని యా సంపద నేడున్నది.

మూడవది లిపి. తెలుగులిపిలో వ్రాయుటా, దేవనాగరిలోనా, వారి సొంత లిపిలోనా? నార్నూరు మండలపు గుంజాల గ్రామమున గోండుల యిండ్లలో పాత వ్రాతప్రతులు దొరకుటచే వారికి ప్రత్యేకలిపి యున్నదని లోకమునకు తెలిసినది. 2018లో దానికి గణనయంత్రముల అంతర్జాతీయాక్షరపట్టికలో స్థానము కలిగినది. ఈ వివాదమును వారే తీర్చుకొనవలెను. బడిలో మొదటి యేడు తెలుగులిపి సులభమని కొందఱందురు; పెద్దపిల్లలకు గుంజాలలిపి గౌరవము కలిగించునని కొందఱందురు. రెండును నిజమే కావచ్చును. లిపి తేలువఱకు చదువు ఆగవలెననుట మాత్రము తగదు.

సోదరీమణులారా! ప్రభుత్వము చేయవలసిన దానిని ప్రభుత్వము చేయవలెను. అది మన చేతిలో లేదు. మన చేతిలో నున్నవి కొన్ని కలవు. విద్యాహక్కు చట్టము చెప్పిన పాఠశాల యాజమాన్యసంఘములలో మూడువంతులకు తక్కువ గాకుండ తల్లిదండ్రులును, అందఱిలో సగము స్త్రీలును ఉండవలెనని విధి. అందు కూర్చుండు సోదరి, "మా యూరి గోండుతల్లి యొకతె వారమున కొక గంట బడికి వచ్చి తమ భాషలో కథ చెప్పవచ్చునా?" అని యడిగినచో దానికి రూపాయి ఖర్చు లేదు. ఉపాధ్యాయుని భార్యయైన సోదరి తాముండు పల్లెభాషలో ఏబది మాటలు నేర్చుకొన్నచో భర్త పని సగము తేలికయగును. సంతలో గోండుస్త్రీ తెలుగును తడబడుచు పలికినపుడు మన పిల్లలు నవ్వినచో, ఆమెకు రెండుభాషలు వచ్చును, మనకు రాదని చెప్పుటకు ఒక్క నిమిషము చాలును.

నా యరుగుమీది పిల్ల సంగతి చెప్పి ముగించెదను. ఆ తల్లి వెళ్లిన సాయంకాలమే నేను వారి గుడిసెకు పోతిని. చెంబు చూపి, "ఏర్" అంటిని. పిల్ల నన్ను తేఱిపార చూచెను. పిదప తన యింట నున్న వస్తువులన్నిటిని ఒక్కొక్కటిగా చూపి పేరులు చెప్పెను. నేను తప్పుగా పలికినపుడు కడుపుబ్బ నవ్వి మఱల చెప్పించెను. మఱునాడు పలక పట్టుకొని వచ్చెను. పలకపై ఒకవైపు "ఏర్" అని వ్రాసితిమి. రెండవవైపు "నీరు" అని వ్రాసితిమి. ఆమె రెండును చదివెను. అటుపిమ్మట మా యరుగుమీద మూగపిల్ల లేదు.

నా భర్తకు బదిలీ యగుటచే మేము ఆ యూరు విడిచితిమి. హైమెన్‌డార్ఫ్ పండితుని భార్య 1987లో మరణింపగా ఆమెను మార్లవాయిలోనే సమాధి చేసిరి. 1995లో లండనులో మరణించిన ఆయన చితాభస్మమును 2012లో తెచ్చి ఆమె ప్రక్కనే యుంచిరి. పరదేశమునుండి వచ్చిన యొక దంపతులకు ఆ మన్ను అంత దగ్గఱయైనది. ఆ మంటియందే పుట్టిపెరిగి, ఆ యడవి వెదురుతో చేసిన కాగితముపై వ్రాయుచున్న మనకు ఆ బిడ్డల భాష దగ్గఱ కాకుండుట తగునా యని యొకసారి యోచింప ప్రార్థించుచున్నాను.